నాలుగు బస్తాలు తక్కువ

“ఎవరన్నా ఓ బస్తా లేపుకపోతే మనకెట్ల తెలుస్తదే?”

సూర్యాపేట మార్కెట్ యార్డులో అడుగుపెట్టినప్పటి నుంచీ సాయమ్మకు అదే రంధి. ఇంకా ఏమీ పోలేదు. పోతాయేమోనన్న భయం, అంతే.

మధ్యాహ్నం మబ్బు పట్టింది. తల్లీకూతుళ్లు వడ్ల రాశి మీద పట్టా కప్పారు. అది గాలికి లేవకుండా, నింపిన బస్తాలను అంచుల మీద చుట్టూ ఎడంఎడంగా హమాలీలతో పెట్టించారు. ప్రతి మూలకూ ఒకటి ఉండేలా చూసుకున్నారు.

బస్తాలు లెక్కపెట్టమంది సాయమ్మ. కూతురు పుష్పలత ఐదో తరగతి. బళ్లో సారు చతురస్రం చుట్టుకొలత కొత్తగా నేర్పారు. ఒక వైపు తెలిస్తే చాలు, నాలుగుతో గుణించడమే. ఒక వైపు చూసింది. ఆరు. మిగతా వైపులా అంతే. ఇక చుట్టూ తిరగడం దేనికి?

“ఇరవై నాలుగమ్మా.”

పక్క రాశి సోమన్నది. నేరేడుచర్ల నుంచి వచ్చిన పెద్దాయన. పొద్దున పుష్పలతకు ఉప్పూకారం అద్దిన మామిడికాయ ముక్కలు పెట్టాడు.

ఉరుములు మొదలవగానే సాయమ్మ పిల్లను లాక్కుని షెడ్డులోకి పరుగెత్తింది. సోమన్న గోనెసంచి నెత్తిన కప్పుకుని అక్కడే ఉండిపోయాడు. రెండు రాశులూ తాను చూస్తానన్నాడు. ఆ మాటే సాయమ్మకు నచ్చలేదు. మన రాశి మీద ఆయనకెందుకంత ప్రేమని గొణుగుతూనే ఉంది.

వాన వెలిశాక హమాలీలు బస్తాలు తీసి ఒకచోట పేర్చారు. సాయమ్మ ఒక్కో బస్తా మీద చెయ్యి వేసి లెక్కపెట్టింది. ఇరవై. మళ్లీ లెక్కపెట్టింది. ఇరవయ్యే.

పుష్పలత సోమన్న బస్తాల వైపు ఓరగా చూసింది. అవి పొద్దున కంటే పెరిగినట్టే అనిపించాయి. మామిడికాయ ముక్కలు పెట్టింది కూడా ఇందుకేనేమో!

“నాలుగు బస్తాలు తక్కువున్నయ్. వానల గీడ ఉన్నది నువ్వొక్కనివే,” అంది సాయమ్మ అందరూ వినేలా.

పక్క రాశుల వాళ్లు తలలు తిప్పారు. సోమన్న తన బస్తా మీద కూర్చుని నేల చూస్తూ ఉండిపోయాడు.

పుష్పలత పట్టా దగ్గరికి వెళ్లింది. దాని మీది దుమ్మునంతా వాన కడిగేసింది. బస్తాలున్న చోట మాత్రం మచ్చలు మచ్చలుగా మిగిలింది. ఇరవై నాలుగు మచ్చలుంటే దొంగ దొరికినట్టే. మొదటి మచ్చ మీద తన చెప్పు విడిచి, చుట్టూ తిరుగుతూ లెక్కపెట్టింది. చెప్పు దగ్గరికి వచ్చేసరికి ఇరవై.

ఇదేంటని మళ్లీ ఒక్కో వైపూ చూసింది. ఆరు. ఇటూ ఆరే. మూల దగ్గర ఆమె కాలు ఆగిపోయింది. ఈ వైపు లెక్కలో ఉన్న బస్తానే ఆ వైపు లెక్కలోనూ ఉంది! ఉన్నవి నాలుగు మూలలు. నాలుగింటినీ రెండేసిసార్లు లెక్కపెట్టింది తను.

వెళ్లి తల్లి చెవిలో చెప్పింది. సాయమ్మ మొహం పాలిపోయింది.

“ఊకో. ఇప్పుడు నలుగుర్ల చెప్తే మన ఇజ్జత్ పోతది,” అంటూ చెయ్యి గట్టిగా పట్టుకుంది.

పుష్పలత చెయ్యి విడిపించుకుంది. సోమన్న ముందుకు వెళ్లి, ఇందాక తల్లి ఎంత గట్టిగా అందో అంత గట్టిగానే చెప్పింది.

“తాతా, మా బస్తాలు ఏం పోలే. నేనే తప్పు లెక్కవెట్టిన. మూలల బస్తాలు రెండుసార్లు లెక్కవెట్టిన.”

చూస్తున్నవాళ్లు ఎవరి పనిలో వాళ్లు పడ్డారు. కాంటావాళ్లు అవతలి రాశి తూకం వేసి ముందుకు జరిగారు. పుష్పలత కళ్లు తుడుచుకుంటూ అక్కడే నిలబడింది. కొంతసేపటికి సాయమ్మ కూడా కొంగు సర్దుకుంటూ వచ్చి, తల వంచుకుని కూతురి పక్కన నిలబడింది.

చాలాసేపటికి సోమన్న మోకాళ్ల మీద చేతులు ఆనించి లేచాడు.

“నేను జర చాయ్ తాగొస్త. నా రాశి సూస్తుండు, బిడ్డా.”