ఒక్క గడి పక్కకు

ముందే చెప్తున్నాను, ఏది ముందు జరిగిందో ఏది తర్వాత జరిగిందో కొంత తారుమారు కావచ్చు. ఈ మధ్య పొయ్యి మీద పాలు పెట్టి, పెట్టిన సంగతే మరిచిపోతున్నాను. మిగిలింది కూడా పోకముందే రాసి పెడుతున్నాను. సంవత్సరం మాత్రం గుర్తుంది. తొంభై ఏడు. మా కంప్యూటర్ సెంటరుకు మొదటి ఏడాది నిండిన మార్చి నెల, దాని వెనక వచ్చిన ఎండాకాలం.

నల్గొండలో రామగిరి పోయే దారిలో ఒక సందు లోపల మా ఆయన రామచంద్రయ్య టైపు ఇన్‌స్టిట్యూట్ నడిపేవాడు. ఆయన పోయాక టైపు మిషన్లు అమ్మేసి, హైదరాబాదు నుంచి రెండు పాత కంప్యూటర్లు తెప్పించాను. నేర్పడానికి మహబూబ్‌నగర్ నుంచి సర్దార్ సారు వచ్చాడు. నేను బడికి పోయినదాన్ని కాదు. తెలుగు పాత పేపర్లలో చూసి నేర్చుకున్నాను, ఇంగ్లీషు అక్షరాలు టైపు మిషన్ మీటలు చూసి నేర్చుకున్నాను. షట్టరు తీయడం, దుమ్ము తుడవడం, వచ్చినవాళ్ల చెప్పులు బయట విడిపించడం నా పని. దుమ్ము పడితే మిషన్లు పాడవుతాయని సర్దార్ సారు కిటికీలకు నల్ల పరదాలు కట్టించాడు. పట్టపగలు కూడా లోపల చీకటిగా ఉండేది. కూలరులో తడిసిన గడ్డి వాసన, వేడెక్కిన ప్లాస్టిక్ వాసన. ఆ వాసన ఇప్పుడు తలుచుకున్నా ముక్కుకు తగులుతుంది.

శనివారం సాయంత్రం క్లాసు అయినాక ఆడపిల్లలంతా కార్ల పందెం ఆట ఆడుకునేవాళ్లు. తెర రెండు భాగాలు. ఒకటే కీబోర్డు మీద ఈ చివర ఒకరు, ఆ చివర ఒకరు. ఆ ఆట చూస్తే నాకు కళ్లు తిరిగేవి. ఒక్కసారి కూడా తెరవలేదు. కానీ ఆట తెరవకుండానే ఆటను మార్చే చిన్న ప్రోగ్రాం ఒకటి ఉండేది. సెటప్ అని కొడితే నీలం తెర వచ్చేది. శబ్దం ఎంత ఉండాలి, ఎన్ని చుట్లు తిరగాలి, ఏ మీట నొక్కితే ఏ కారు ఎటు తిరగాలి, అన్నీ గడుల్లో ఉండేవి. అక్కడ మార్చి వదిలేస్తే, తర్వాత ఆట తెరిచినవాళ్లకు అట్లాగే వస్తుంది. ఎవరు మార్చారో, అసలు మార్చారో లేదో కూడా ఆడేవాళ్లకు తెలియదు. నాకు ఆ ఒక్కటి వచ్చు.

"బండి తోల రాదు గని ఇంజను మాత్రం ఇప్పుతవు పెద్దమ్మా," అని సర్దార్ సారు నవ్వేవాడు.

ఆయన నాకు అది నేర్పింది హనీఫా కోసం. సందు చివర కిరాయికి ఉండి బట్టలు కుట్టే లాల్ బీ కూతురు హనీఫా. పద్దెనిమిదేళ్లుంటాయి. వాళ్లది దేవరకొండ దిక్కు ఊరు. అక్కడి ఫ్లోరైడు బోరు నీళ్లు తాగి పెరిగిన పిల్ల కాబట్టి కుడి మోచెయ్యి వంగిపోయింది, ఆ చేతి వేళ్లు ముడుచుకుపోయాయి. ఎడమ చెయ్యి మాత్రం చక్కగా ఉండేది. ఆ ఒక్క చేతికి అందేటట్టు నాలుగు మీటలు నేనే కుదిర్చాను. ఏ, ఎస్, డి, ఎఫ్. వేగానికి ఒకటి, బ్రేకుకు ఒకటి, ఎడమకు, కుడికి. నాలుగు మీటలు, నాలుగు వేళ్లు.

ఇంక ఆమెను ఎవరూ గెలవలేకపోయారు. నా బిడ్డ మంజులత కూడా.

"ఏందే మంజులా, రెండు చేతులున్నయ్ గద, జర రెండు తోని తోలు," అనేది హనీఫా. "నీ కారుకు డీజిల్ పోస్తున్నవా, గడ్డేస్తున్నవా?"

అందరూ నవ్వేవాళ్లు. మంజుల కూడా నవ్వేది. ఇంటికి వచ్చి మాత్రం అన్నం ముందు కూర్చొని మెతుకులు గెలికేది.

మంజులా, నువ్వు చదువుతావని తెలిసే రాస్తున్నాను.

సెంటరుకు ఏడాది నిండిన రోజు పందెం పెట్టాము. గెలిచినవాళ్లకు గోడగడియారం. మా అన్నలు, వదినలు వస్తున్నారు, ఫొటో తీసేవాడు వస్తున్నాడు. నా బిడ్డ అందరి ముందు ఓడిపోవడం నేను చూడలేననుకున్నాను. పొద్దున్నే పోయి షట్టరు సగం దించి, సెటప్ తెరిచి, హనీఫా మీటలు నాలుగింటినీ ఒక్కొక్క గడి పక్కకు జరిపాను. ఏ ఉన్న చోట ఎస్. ఎస్ ఉన్న చోట డి. అట్లా చివరికి జి. రెండు నిమిషాల పని. తర్వాత కొంగుతో మీటలు తుడిచాను. ఎందుకు తుడిచానో తెలియదు.

పందెం మొదలైంది. హనీఫా నొక్కింది. కారు కదలలేదు. బ్రేకు అనుకొని నొక్కితే ఉరికింది. ఎడమకు అనుకొని నొక్కితే ఆగింది. గోడకు కొట్టుకుంది, మళ్లీ కొట్టుకుంది. మా వదినలు పడీపడీ నవ్వారు. హనీఫా కాసేపటికి తెర దిక్కు చూడడం మానేసింది. తన ఎడమ చెయ్యి దిక్కే చూసుకుంది. ఒక్కొక్క వేలు ముడిచి, చాపి, చూసుకుంది.

గడియారం మంజులకు వచ్చింది. పోయేటప్పుడు హనీఫా గడప దగ్గర చెప్పులు తొడుక్కుంటూ నన్ను అడిగింది.

"పెద్దమ్మా, నువ్వు పక్కనే ఉంటివి గద. నా వేళ్లు సక్కగనే పడ్డయా?"

"నాకేం తెలుస్తది బిడ్డా," అన్నాను.

అంతే అన్నాను. ఆ సాయంత్రమే మీటలన్నీ మళ్లీ మొదటి లెక్కకు తెచ్చి పెట్టాను. దిద్దేశాను కదా అనుకున్నాను.

హనీఫా మళ్లీ రాలేదు. మూడు వారాలకు కామెర్లు వచ్చాయన్నారు. చూడడానికి పోతే గోడ దిక్కు తిరిగి పడుకొని ఉంది. లాల్ బీ నన్ను బయటికి తీసుకొచ్చి మెల్లగా చెప్పింది.

"గీ చెయ్యి గూడ పోయిందమ్మీ అంటది అక్కా. దవాఖానల డాక్టరు మంచిగనే ఉన్నదన్నడు. అయినా గిలాస పట్టుకోదు. నేనే తాగిపిస్తున్న."

నేను ఒక్క మాట చెప్తే అయిపోయేది. నీ చెయ్యి మంచిగనే ఉంది, నేనే మీటలు జరిపాను అని. లోపలికి పోయి చెప్పడానికి పది అడుగులు. నేను బత్తాయిలు లాల్ బీ చేతిలో పెట్టి ఇంటికి వచ్చాను.

నాలుగో రోజు హనీఫా చనిపోయింది.

వాళ్లలో మయ్యత్, అంటే శవం, లేచే ముందు, ఇంటివాళ్లు వచ్చినవాళ్లందరినీ పోయినవాళ్ల తరఫున మాఫీ అడుగుతారు. లాల్ బీ ఆడవాళ్ల ముందు ఒక్కొక్కరి దగ్గరికి వచ్చింది. నా ముందు కూడా కూర్చుంది.

"అక్కా, మా పిల్లది జర నోటి దురుసు. నిన్ను గాని మంజులను గాని ఏమన్న అని ఉంటే మాఫ్ చెయ్యి."

అందరూ నన్నే చూస్తున్నారు. ఊదు పొగ కళ్లలోకి పోతోంది.

"మాఫ్ చేసిన," అన్నాను.

ఇది రాసేటప్పుడు కూడా తల ఎత్తబుద్ధి కావడం లేదు.

మే నెలలో క్లాసులు లేవు. సర్దార్ సారు ఊరికి పోయాడు. తాళంచెవి నా కొంగుకే ఉండేది. మిషన్లు మొరాయించకుండా రోజూ కాసేపు వేసి ఉంచమని ఆయన చెప్పి పోయాడు. మొదటి రోజు వేసి, ఎందుకో సెటప్ తెరిచాను. హనీఫా గడుల్లో ఎస్, డి, ఎఫ్, జి ఉన్నాయి. ఆ సాయంత్రం నేను సరిచేయడం మరిచిపోయానేమో అనుకున్నాను. సరిచేసి వచ్చాను.

తెల్లవారి డి, ఎఫ్, జి, హెచ్.

ఆ తర్వాతి రోజు ఇంకొక గడి. నేను రోజూ మొదటికి తెచ్చేదాన్ని. అది మాత్రం నిన్న ఎక్కడ ఆగిందో అక్కడి నుంచే కదిలేది. తాళం వేసి ఉన్న గదిలో, కరెంటు తీసేసిన మిషన్‌లో, రోజుకొక గడి, కుడి దిక్కుకు. ఆరో రోజు వరస అయిపోతుందని వేళ్ల మీద లెక్క పెట్టుకున్నాను. పోకూడదనుకున్నాను. పోయాను.

మిట్ట మధ్యాహ్నం. సందులో మనిషి లేడు. కుక్కలు కూడా మోరీల్లో పడుకున్నాయి. చెప్పులు బయట విడిచి, వేడిగాలి రాకుండా షట్టరు సగం దించాను. లోపల చీకటి. కూలరు వేయలేదు. అయినా చల్లగా ఉంది. తడిగడ్డి వాసన లేదు. ఊదు వాసన... పల్చగా.

మిషన్ వేశాను. నీలం తెర వచ్చింది.

నాలుగు గడులూ ఖాళీగా ఉన్నాయి.

ఖాళీ గడిలో ఒక గీత మిణుకుమిణుకుమంటుంది, మీట నొక్కమని. ఏ నొక్కుదామని వేలు చాపాను. నా వేలు తగలకముందే ఆ మీట దిగింది.

టక్.

మొదటి గడిలో ఏ పడింది. కాసేపు ఏమీ లేదు. తర్వాత ఎస్ దిగింది. తర్వాత డి. మెల్లగా... ఒక్కొక్క వేలు పని చేస్తుందో లేదో చూసుకుంటున్నట్టు. నాలుగూ నిండాయి. నిండగానే నాలుగూ ఖాళీ అయ్యాయి. మళ్లీ మొదటి నుంచి.

టక్... టక్... టక్... టక్.

నా ఎడమ భుజం పక్కన చల్లగా ఉంది. ఆ దిక్కు చూడలేదు. చూడలేకపోయాను.

"పెద్దమ్మా..."

చెవిలో కాదు. మీటల దగ్గర నుంచి, కింద నుంచి.

"ఏ వేలు తప్పింది?"

మీటల దిక్కే చూస్తూ అన్నాను.

"ఏ వేలూ తప్పలే బిడ్డా. నేనే..." ఆ మాట బయటికి రాలేదు. "మీ అమ్మకు చెప్త. పోయి చెప్త."

"ఇయ్యాలనేనా..."

"ఇయ్యాలనే."

మీటలు ఆగాయి. నేను గోడ మీద తడిమి కరెంటు తీసేశాను. తెర ఆరిపోయింది. లోపలి ఫ్యాను తిరిగి తిరిగి ఆగింది. ఆ చీకట్లో, ఆరిపోయిన మిషన్ మీద, ఇంకొకసారి...

టక్.

షట్టరు కింద నుంచి దూరి ఉరికాను. చెప్పులు తొడుక్కోలేదు. మే నెల బండలు. ఇల్లు చేరేసరికి రెండు అరికాళ్లూ బొబ్బలెక్కాయి. మంజులా, నువ్వే తడిగుడ్డలు చుట్టావు. ఆ సాయంత్రం నేను మంచం దిగలేదు. పెరట్లోకి కూడా నువ్వే పట్టుకొని తీసుకుపోయావు. నిజం రాయాలి కదా. కాళ్లు బాగున్నా నేను లాల్ బీ ఇంటికి పోయేదాన్ని కాదు. రేపు పోదాం, కాళ్లు మానినాక పోదాం, అని పడుకున్నాను. బొబ్బలు వచ్చినందుకు లోపల కొంచెం సంతోషం కూడా అయింది.

రాత్రంతా నిద్ర లేదు. తెల్లవారి, గుడ్డలు చుట్టిన కాళ్లతో, గోడలు పట్టుకుంటూ పోయాను. లాల్ బీ కుట్టు మిషన్ ముందు కూర్చొని ఉంది. కళ్లు ఉబ్బి ఉన్నాయి. నన్ను చూసి లేవలేదు.

"లాల్ బీ, నీకొక మాట చెప్పాలె. పందెం నాడు హనీఫా చెయ్యి..."

"మళ్ల ఎందుకు అక్కా?" అంది. "నిన్న మాపటికే చెప్పితివి గద."

"ఏం చెప్పిన?"

"అంతా. ఏ మీట యాడికి జరిపినవో, ఎందుకు జరిపినవో. గా మూలకు కూసొని, గోడ దిక్కు జూసుకుంట చెప్పినవు. దీపం పెడ్త అంటే వద్దన్నవు." కొంగుతో ముఖం తుడుచుకుంది. "నిన్ననే ఏడ్చిన. నిన్ననే మాఫ్ చేసిన. ఇంక నన్ను సతాయించకు అక్కా. పో."

నిన్న వచ్చింది నేను కాదని చెప్పాలి. నోటి దాకా వచ్చింది. చెప్తే మళ్లీ మొదటి నుంచి, నా నోటితో, ఆమె కళ్లలోకి చూస్తూ చెప్పాలి. ఆమె ఈసారి మాఫ్ చేస్తుందో లేదో.

చెప్పలేదు. ఎవరికో ఇచ్చిన మాఫీని నాదే అన్నట్టు తీసుకొని ఇంటికి వచ్చాను. లాల్ బీ బతికి ఉన్నన్ని రోజులు అట్లాగే ఉన్నాను.

మంజులా, ఆ గడియారం నువ్వు గెలిచింది కాదు. ఇన్నేళ్లకు చెప్తున్నాను. కోపం వస్తే రానీ, కానీ ఒక పని చేసి పెట్టు. ఇందులో పేర్లు సరిగ్గా రాశానో లేదో చూడు. లాల్ బీ, హనీఫా, సర్దార్ సారు, వీళ్లవి తప్పు కావు. లాల్ బీ ఎదురింటి ఆమె పేరే నాకు రావడం లేదు. బీరమ్మనా, నర్సింగమ్మనా? ఆ రెండు రోజులూ ఆమె అరుగు మీదనే కూర్చొని చింతపండు గింజలు తీసింది. రెండో రోజు నేను కుంటుకుంటూ బయటికి వస్తుంటే పిలిచి అడిగింది.

"నిన్న మాపున లోపలికి పోతివి. చీకటి పడి లాల్ బీ తలుపేసేదాకా ఈడనే ఉన్న, నువ్వు బయటికి రాంగ చూడలే. ఇయ్యాల మళ్ల బయటినుంచే వచ్చినవు. ఎట్ల?"

ఆమె పేరు కనుక్కో బిడ్డా. బతికి ఉంటే, ఆ మాపున ఏం చూసిందో ఇంకొకసారి అడుగు.