సింగన్న గదిలో టచ్‌స్క్రీన్

బలిఘట్టం రోడ్డులో చెరకు రైతుల సంఘం ఆఫీసు ఒకటుండేది. పొద్దుగూకితే దాని చివరి గదిలోకి ఎవరూ వెళ్లేవారు కాదట. కాటా గుమాస్తా సింగన్న ఆ గదిలోనే, కుర్చీలో కూర్చున్నవాడు కూర్చున్నట్టే పోయాడు.

రెండువేల ఆరులో అక్కడే టచ్‌స్క్రీన్ మిషన్ పెట్టారు. రైతు తన పేరు నొక్కితే చెరకు నరికే తేదీ చూపిస్తుంది.

ఆ తర్వాతే మొదలైంది. కరెంటు పోయి ఇన్వర్టర్ అందుకోగానే... వేలు పెట్టిన మనిషి లేకుండానే, టిక్... టిక్... పేజీలు వాటంతటవే తిరిగేవి.

మిషన్ బిగించిన జ్ఞానరాజుకి మూడు నెలల తర్వాత కబురందింది. విశాఖ నుంచి వచ్చి బస్సు దిగేసరికే చీకటి పడింది. గది దగ్గరికి చేరాడో లేదో — కరెంటు పోయింది.

తలుపు సందులోంచి నీలం వెలుగు. లోపల... గుసగుస.

"పెద్దోడికి జొరం తగ్గింది. నువ్వు బెంగెట్టుకోకు..."

టిక్.

"ప్రభువా!" అనుకున్నాడు జ్ఞానరాజు. తలుపు తోస్తే, తెర ముందు ఒకావిడ గొంతుక్కూర్చుని ఉంది. చేతులు రెండూ ఒళ్లోనే ఉన్నాయి. పేజీ మాత్రం మారింది.

"ఎ... ఎవరండీ?"

"నాను బాబూ, వరలక్ష్మమ్మని. సింగన్న ఇంటిదాన్ని. మెల్లగా మాటాడండి... ఆయనొచ్చీసినారు. నానేటడిగినా పలుకుతారు."

మిషన్‌కి లాప్‌టాప్ తగిలించాడు. వేలు ఎక్కడ ఆనిందో అంకెల్లో చెప్పే చిప్ ఒకటి తెర వెనక ఉంటుంది. ఎవరూ తాకకపోతే అంకెలే రాకూడదు. వస్తున్నాయి — ఓసారి పైమూల, ఓసారి కిందమూల, మళ్లీ నడిమధ్య...

సెట్టింగు తెరిచాడు. చెవులు వేడెక్కాయి.

ప్రారంభోత్సవం రోజున అధ్యక్షుడుగారు నొక్కితే తెర పలకలేదు. నలుగురిలో పరువు పోతుందని, ఎంత ఒత్తిడైతే తాకినట్టో చెప్పే ఆ హద్దును గబగబా అడుక్కి దించేశాడు తనే. తర్వాత సరిచేద్దామనుకుని మరిచాడు. ఇప్పుడు ఇన్వర్టర్ కరెంటులోని అదురుని కూడా చిప్ వేలనుకుంటోంది.

హద్దు పెంచాడు. ఒక్క రీడింగు నమ్మకుండా నాలుగింటి సగటు తీసుకోమని చిప్‌కి చెప్పాడు. అంకెలు ఆగిపోయాయి.

వరలక్ష్మమ్మ తెరకి దగ్గరగా జరిగింది.

"ఏటైనాది బాబూ? ఎల్లిపోనారా?"

అబద్ధం నోటిదాకా వచ్చింది...

"ఆయన రాలేదమ్మా. ఏ రోజూ రాలేదు. నేను చేసిన తప్పది... నాదే."

ఆమె కోప్పడలేదు. చెంగు దులుపుకుని లేచి, గుమ్మం దగ్గర ఆగింది.

"మరైతే... మూడు నెల్లబట్టీ నాను సెప్పుకున్నదంతా ఎవులిన్నారు బాబూ?"

సరిగ్గా అప్పుడే కరెంటు వచ్చింది. జ్ఞానరాజు లాప్‌టాప్ మూశాడు.