నానమ్మ చెప్పని మాట

అన్నాచెల్లెళ్ళిద్దరిదీ ఒకటే ఎడిటింగ్ గది. అన్న బొమ్మ కత్తిరిస్తాడు, చెల్లెలు సౌండ్ సరిచేస్తుంది. కిటికీ లేని గది కావడంతో మిట్టమధ్యాహ్నం కూడా లోపల చీకటే. వేడెక్కిన వైర్ల వాసన, ఏసీ గురగుర.

"కొత్త డాక్యుమెంటరీ పొద్దున ఆన్‌లైన్‌లో పెట్టేశా. ఒకసారి విను," అని అన్న టీ తాగడానికి వెళ్ళాడు.

చెల్లెలు ప్లే నొక్కింది. తెర మీద నానమ్మ! పోయి ఏడాదైంది. పోయే ముందు, ఎవరికీ చెప్పని సంగతి మనవరాలి కెమెరాకి చెప్పుకుంది. ఎప్పుడో జరిగిన మత అల్లర్లలో, వేరే మతంవాళ్ళైన పక్కింటివాళ్ళు ఆమెను గదిలో దాచి, తాళం వేసి, గుమ్మానికి అడ్డంగా కూర్చున్నారట. 'దాన్ని చంపాలంటే ముందు మమ్మల్ని చంపండి' అన్నారట. భద్రంగా దాచమని ఆ రికార్డింగు చెల్లెలే అన్న చేతికిచ్చింది.

ఇప్పుడు తెర మీద నానమ్మ అంటోంది: "పక్కింటివాళ్ళు... గదిలో పెట్టి... తాళం వేసి... చంపాలంటే..."

ఆ వెంటనే ఎర్రటి అక్షరాలు. 'మన నుంచి దాచిన చరిత్ర. వాళ్ళు మళ్ళీ వస్తున్నారు.'

అన్న తిరిగొచ్చాడు.

"కాపాడారని కదన్నయ్యా చెప్పింది!"

"కాపాడారంటే ఎవడు చూస్తాడే? అప్పుడే లక్షమంది చూశారు."

"నానమ్మ నోట అబద్ధం పలికిస్తావా? నిన్ను ఒళ్ళో పెట్టుకుని పెంచింది!"

"పోయిన మనిషి వచ్చి అడుగుతుందా ఏంటి?"

ఆమెకు ఒళ్ళు మండిపోయింది. వీడియో ఆపేసింది. బొమ్మ ఆగింది.

ఊపిరి ఆగలేదు.

స్పీకర్లలోంచి ముసలి ఊపిరి... బరువుగా... నానమ్మ మోకాళ్ళకు రాసుకునే నూనె వాసన గదంతా కమ్మేసింది.

"అన్నయ్యా... నానమ్మ వెనకాల చూడు."

"తలుపేగా?"

"నేను షూట్ చేసినప్పుడు అక్కడ గోడే ఉంది..."

తలుపుకి తాళం వేసి ఉంది. నానమ్మ కళ్ళు కెమెరాని చూడటం లేదు. అన్ననే చూస్తున్నాయి.

అతను ప్లగ్ పీకేశాడు. తెర నల్లబడింది. అంతలోనే ఫోన్ మోగింది. స్పీకర్ నొక్కాడు. ఎవరిదో తెలియని గొంతు, గుసగుసగా.

"సార్... మీ సినిమా చూశాను. మా వంటగదిలో... పొద్దున లేని తలుపొకటి ఉంది. బయట తాళం. లోపల్నుంచి ఎవరో ముసలావిడ కొడుతోంది... మిమ్మల్నే పేరు పెట్టి పిలుస్తోంది. తియ్యమంటారా?"

"వద్దు! తియ్యొద్దు!"

అవతల నేల మీద తాళం పడిన చప్పుడు.

"నేను తియ్యలేదు సార్..."