గొంతుముడి కింద పల్లం

తెలెమ్సెన్ ఊరి చివర పాడుబడ్డ కబేళాకి ఎప్పట్నుంచో చెడ్డపేరు. చీకటి పడితే లోపల ఎవరో ఊపిరి పీలుస్తుంటారట... మాటుండదు, మూలుగుండదు, వట్టి బుస! కసాయి బూజెమాకి ఎంత కండబలం ఉంటే ఏం, పొద్దు వాలాక ఆ దారి తొక్కేవాడు కాదు.

ఆ రాత్రి తొక్కాడు. ఆరేళ్ల కూతురు జోహ్రా అంజీరపండు కొరికితే, లోపలున్న కందిరీగ గొంతులో కుట్టింది. ఆసుపత్రికి అదే అడ్డదారి. భుజమ్మీద పిల్ల, వెనకాల లాంతరుతో బావమరిది లఖ్దర్.

"బాబా... ఊపిరి..." అంది జోహ్రా. ఆ తర్వాత మాట లేదు. కబేళా గుమ్మం చేరేసరికి పెదాలు నీలంగా మారాయి. అప్పుడే గాలికి లాంతరు ఆరిపోయింది.

"ఆగకు బావా, పరుగెత్తు!"

"ఎక్కడికిరా? అందాకా ఉంటుందా ఇది?"

గుమ్మంలోనే కూలబడి మొలలో కత్తి తీశాడు. ఊపిరికి దారి చెయ్యాలంటే గొంతు ఎక్కడ కొయ్యాలి? అతనికి తెలిసింది ఒకటే చోటు — చంపే చోటు. గొర్రెని కోస్తే గొంతుముడి మొత్తం తలవైపే ఉండాలి, ఒంటివైపు పడితే ఆ మాంసం ఎవరూ ముట్టరు. అందుకే ముడి అడుగున ఉంగరంలా ఉండే ఎముకకి ఇంకా కిందే కోస్తాడు. అలవాటుగా కత్తి అక్కడికే పోయింది.

ఎవరో మణికట్టు పట్టుకున్నారు.

"వదలరా లఖ్దర్!"

"నేనిక్కడున్నాను బావా..." గొంతు బయట వాకిట్లోంచి వచ్చింది.

బూజెమా తోసెయ్యబోయాడు. చెయ్యి పోయి ఆ మనిషి మెడకి తగిలింది. మెడ తెరిచి ఉంది... అందులోంచి ఊపిరి అతని వేళ్ల మీద బుస్సుమంది.

మణికట్టు పట్టుకున్న ఆ మనిషి చెయ్యి అతని వేలిని పిల్ల మెడ మీదికి లాక్కెళ్లింది. డాలులాంటి మెత్తటెముక అంచు... దాని కింద ఉంగరం... రెంటి మధ్యా చిన్న పల్లం. పల్లంలో, రెంటినీ కట్టి ఉంచిన పలచటి పొర. వేలిని అక్కడే నొక్కి పెట్టింది.

"నా తల్లీ, నన్ను క్షమించు," అని ఏడుస్తూ కత్తిమొన దించాడు. కేకేస్తే లఖ్దర్ వాకిట్లో రెల్లుపొదలోంచి విరిచిచ్చిన గొట్టం దూర్చాడు. గాలి ఈలవేస్తూ లోపలికి పోయింది. పిల్ల ఛాతీ లేచింది.

మర్నాడు ఆసుపత్రిలో జోహ్రా నిద్రపోతోంది. లఖ్దర్‌కి ధైర్యం తిరిగొచ్చింది.

"దెయ్యమూ లేదు, గియ్యమూ లేదు బావా! గొంతులో పుండు లేస్తే ముడి తీసేసి మెడకి చిల్లు పెడతారట. ఇక మాట రాదు, ఊపిరి దాంతోనే. డాక్టరే చెప్పాడు. పాపం, ఎవడో సిగ్గుతో అక్కడ తలదాచుకున్నాడు. రొట్టె పట్టుకెళదాం."

"ఊఁ."

"మరెందుకలా వేళ్లు తుడుచుకుంటున్నావ్?"

బూజెమా తన వేళ్లకేసి చూసుకున్నాడు.

"వాడికి ముడి తియ్యలేదురా..." అన్నాడు గుసగుసగా. "ఉంది. తలవైపు. ఈ చెవి నుంచి ఆ చెవిదాకా... నేను కోసే చోటే తెగి ఉంది."