ఆవిరి లేని గుర్రాలు

మధ్యాహ్నం మూడు గంటలకే చీకటి కమ్ముకొచ్చింది! రష్యా సరిహద్దులోని నేమన్ నదికి ఇంకా రెండు రోజుల దారి. ఆకాశం నుంచి మంచు కాదు... చితాభస్మం రాలుతున్నట్టుంది. వెనకెక్కడో రష్యన్ ఫిరంగులు మేఘగర్జనల్లా ఉరుముతున్నాయి. మహాశ్మశానం వంటి ఆ ధవళ మైదానం మీద బొంతకాకులు వికృతంగా అరుస్తూ, ప్రాణం పోయే గుర్రాల కళ్ల కోసం కాచుకుని ఉన్నాయి!

ఆ మంచులో కెప్టెన్ ఒదిలాన్ బ్రెసూల్ ఒంటరిగా పరుగెడుతున్నాడు.

అతను తోళ్లు పదును చేసేవాడి కొడుకు. పద్దెనిమిదో ఏట ఫ్రెంచి ఆశ్వికదళంలో చేరి, పన్నెండేళ్లలో ఏడు గాయాలతో కెప్టెన్ అయ్యాడు. మాస్కోకి నూట ఇరవై మంది రౌతులతో వెళ్లాడు. తిరుగుదారిలో మిగిలింది ఇరవై ముగ్గురు. వాళ్ల గుర్రాలూ ఒక్కొక్కటే కూలిపోయాయి. గుర్రం పడితే మనిషి వెనకబడతాడు... వెనకబడితే తరుముకొచ్చే రష్యన్ రౌతులు, కొసాక్కుల ఈటెకు ఆహుతి!

నాలుగు రోజుల కిందట, గుర్రాలకు నాడాలు కొట్టే ముసలి గొదార్ అతని పక్కకు చేరాడు.

“కెప్టెన్ గారూ, చచ్చిన గుర్రాల్ని నేను లేపుతాను. మీరు సరే అంటే చాలు.”

“చలికి నీకు మతి పోయిందా?”

“దండు మీది. మీ మాట లేందే నా మంత్రం సాగదు.”

బ్రెసూల్ తన మనుషుల ముఖాలు చూశాడు. “సరే” అన్నాడు. వెల ఏమిటని అడగలేదు!

మర్నాడు పద్నాలుగు మృతాశ్వాలు లేచి నిలబడ్డాయి! గడ్డి ముట్టలేదు. నీళ్లు తాగలేదు. ఆ ఘోర శీతలంలో ప్రతి ప్రాణి నోటా తెల్లని ఆవిరి లేస్తుంటే... వాటి నాసికల నుంచి మాత్రం ఏమీ రాలేదు!

“గొదార్ మావా, నా బూట్లు కూడా చచ్చాయి. వాటినీ కాస్త లేపవా!” అన్నాడు రౌతు ఫెర్రాన్. అందరూ నవ్వారు.

అదే ఆ దండులో ఆఖరి నవ్వు.

దండుకు సారా పోసే విధవ సిదొనీ ఆ సాయంత్రం ఉన్నట్టుండి విరుచుకు పడిపోయింది. కనుగుడ్లు తిరగబడ్డాయి. చేతులూ కాళ్లూ నేలకానించి, గుర్రంలా సకిలించింది! ఆమె కంఠంలోంచి ఎవరిదో మగ గొంతు పలికింది... “ఫెర్రాన్!”

తెల్లవారేసరికి ఫెర్రాన్ జీను మీద నిటారుగా గడ్డకట్టి ఉన్నాడు. శవాన్ని మోస్తూ ఆ గుర్రం నడుస్తూనే ఉంది!

రోజు రోజుకీ ఆమె నోట పేర్లు... రోజు రోజుకీ శవాలు! మూడు రోజుల్లో పద్నాలుగు. గొదార్ నెరిసిన జుట్టు మాత్రం కాటుకలా నల్లబడింది. అంత మంచులోనూ వాడికి చెమట పట్టింది!

ఈ రోజు సిదొనీ మాయమైంది. ఆమె అడుగుజాడలు పట్టుకుని వచ్చిన బ్రెసూల్, పాడుబడ్డ కొట్టం తలుపు తన్నాడు.

లోపల అశ్వకపాలం! అందులో పొగలు కక్కే రక్తం! దాని వెనక గొదార్, ముందు సకిలిస్తూ గింజుకుంటున్న సిదొనీ!

“ఆపరా గొదార్!”

కెప్టెన్ కత్తి వాడి మెడకు తగిలి గాజులా పగిలిపోయింది!

“అడగాల్సిన రోజు అడగలేదుగా!” గొదార్ వికటాట్టహాసం చేశాడు. “పద్నాలుగు ఊపిర్లు తాగాను. మిగిలింది తొమ్మిది... ఆఖర్న నీది! నాకిక చావు లేదురా, తోళ్లోడి కొడకా!”

ఒక్క క్షణం సిదొనీ కళ్లు మామూలయ్యాయి.

“బాబూ... మనోళ్లు పోలేదు... వీడి లోపల ఉన్నారు... మీ గొంతు వింటే వస్తారు... పిలవండి!”

బ్రెసూల్ గుమ్మంలోకి వెళ్లాడు. బయట, ఎప్పుడొచ్చాయో, ఆ పద్నాలుగు గుర్రాలూ బారుగా నిలబడి ఉన్నాయి, వాటి మీద పద్నాలుగు శవాలు. అతను మడమలు దగ్గరకు చేర్చి, రోజూ పొద్దున చేసినట్టే హాజరు మొదలుపెట్టాడు.

“ఫెర్రాన్!”

గడ్డకట్టిన పెదవులు చిట్లిన చప్పుడు!

“హాజర్!”

“మోర్వాన్!”

“హాజర్!”

పేరు పేరుకీ గొదార్ నోట్లోంచి ఒక తెల్లని ఊపిరి చీల్చుకుని బయటికి పోయింది! జుట్టు నెరిసింది... చర్మం ముడతలు పడింది... “వద్దు! అవి నావి!” అని వాడు రాక్షసుడిలా అరిచాడు.

“వాళ్లు నా మనుషులు!” బ్రెసూల్ గొంతు చించుకుని అరిచాడు. “దండూ... దూకండి!”

గోడ బద్దలైంది! యాభై ఆరు గిట్టలు ప్రళయంలా విరుచుకుపడ్డాయి! కపాలం పొడి అయింది. గొదార్ ఆర్తనాదం సగంలోనే అణిగిపోయింది. గిట్టల కింద మిగిలింది... ఎర్రటి మంచు!

సిదొనీకి ఒక్క గిట్టా తగల్లేదు. లేచి కూర్చుని వెక్కి వెక్కి ఏడ్చింది.

పద్నాలుగు మందీ గుర్రాలు తిప్పి కెప్టెన్ ముందు నిలబడ్డారు. అతను టోపీ తీశాడు.

“నేను అడగకుండా సరే అన్నాను... నన్ను క్షమిస్తారా?”

గడ్డకట్టిన కళ్లు అతని మీంచి మంచులోకి చూస్తున్నాయి.

“పోయినోళ్లని అదడిగి ఏం లాభం బాబూ?” అంది సిదొనీ. “పాపం, వాళ్లని పడుకోనివ్వండి. మిగిలిన తొమ్మిది మందినన్నా ఇల్లు చేర్చండి.”

బ్రెసూల్ టోపీ పెట్టుకుని చివరి ఆజ్ఞ ఇచ్చాడు.

“దిగండి!”

ఆ ఆఖరి మాట కూడా పద్నాలుగు మందీ విన్నారు. గుర్రాలూ రౌతులూ కలిసి మంచులోకి ఒరిగిపోయారు.