డాక్టరుకు చెప్పని మాట

ఆ పొద్దు కూడా మంజుల పొయ్యి వెలిగించలేదు. మామూలుగా ఆళ్లగడ్డలోని వాళ్లింట్లో శుక్రవారం మాత్రమే ఉపవాస ప్రార్థన. కొడుకు జాషువా నంద్యాల నుంచి చేతి మీద పుండుతో వచ్చాక, అది మానేదాకా రోజూ సాయంత్రం వరకు ఎవరూ ముద్ద ముట్టకూడదని ఆమె భర్త స్టీఫెన్ నిర్ణయించాడు. ఆయన చర్చిలో సంఘపెద్ద. మంజుల బడిలో పిల్లలకు చెప్పే మాటకున్న బలం ఇంట్లో ఆమె మాటకు లేదు.

జాషువా నంద్యాలలో విత్తనాల గోదాములో పనిచేస్తాడు. ఇనుప రేకు గీసుకుందని చెప్పాడు. పుండు మానకపోగా మోచేయి దాకా వాచింది.

"నాయనా, రెండు బిస్కెట్లన్నా తింటా. కడుపులో తిప్పుతాంది."

"సాయంత్రం దాకా ఓర్చుకో. నీ కోసరమే గదా అందరం పస్తుండేది."

"నా కోసరం మీరు తినండి, మీ కోసరం నేను తింటా. లెక్క సరిపోతాది."

మంజులకు నవ్వు రాబోయి ఆగింది. జ్వరానికి వాడి పళ్లు టకటకలాడుతున్నాయి. స్టీఫెన్ స్నానానికి వెళ్లాక ఆమె చెమటకు తడిసిన కొడుకు చొక్కా విప్పింది. రెండో చేతి మడత లోపల నల్లటి చుక్కలు వరుసగా కనిపించాయి. కొన్ని పాతవి, కొన్ని కొత్తవి.

"ఇవేందీ?"

"సూదులు."

"ఎవరేసినారు?"

"నేనే."

వాడు గోడవైపు తిరిగి చెప్పాడు. సీజన్లో రాత్రింబగళ్లు లోడింగు, మేనేజరు తిట్లు, నిద్ర పట్టకపోవడం. మొదట ఎవరో ఇచ్చిన నొప్పి మాత్రలు, తర్వాత సూది. ఈ పుండూ దానివల్లే.

"నాయనకు చెప్పొద్దుమా. మా వానికి ఏ అలవాటూ లేదని చర్చిలో నిలబడి సాక్ష్యం చెప్తాడు. నేను ముందర కూచోని వింటాంటా. ఆ దినం అస్సలు నిద్ర రాదు."

మంజుల లేచి పొయ్యి వెలిగించింది. పాలు కాచి తాగించి, కారు పిలిపించింది. స్నానం చేసి వచ్చిన స్టీఫెన్ వాచిన చేయి చూసి తానూ ఎక్కాడు.

నంద్యాల ఆసుపత్రిలో డాక్టరు చేయి చూసి, ఏవైనా అలవాట్లున్నాయా, మత్తు సూదులేమైనా వేసుకుంటాడా అని అడిగాడు.

"మా ఇంట్లో అట్లాంటివి లేవు సార్," అన్నాడు స్టీఫెన్. పక్కన మళ్లీ కట్టు కడుతున్న నర్సు ఫెబాది వాళ్ల సంఘమే. జాషువా కళ్లు మూసుకున్నాడు. డాక్టరు పక్క మంచం దగ్గరికి వెళ్లాడు.

మంజుల భర్తను వరండాలోకి తీసుకెళ్లింది.

"వాని చేతులు నేను చూసినా. సూది గుర్తులు."

స్టీఫెన్ ఆశ్చర్యపోలేదు. "వాని సామాన్లు తెచ్చినప్పుడు అందులో సిరంజిలుంటే నేనే పారేసినా," అన్నాడు మెల్లగా. "అందుకే ఉపవాసం పెట్టినా. ప్రార్థనతో పోతాదనుకున్యా."

"తెలిసి కూడా డాక్టరుకు అబద్ధం చెప్పినారా?"

"ఆడ ఫెబా ఉంది. ఆదివారానికి సంఘమంతా తెలుస్తాది."

"ఆదివారానికి వాడు ఉండాల గదా."

ఆమె లోపలికి వెళ్లి, ఫెబా వింటుండగానే డాక్టరుకు అంతా చెప్పింది. ఆమె గొంతు బడిలో పాఠం చెప్పినట్టే ఉంది.

డాక్టరు కోప్పడలేదు. "సూది క్రిముల్ని నేరుగా రక్తంలోకి తీసుకుపోతుందమ్మా. వాటితో పోరాడే శక్తిని ఆ మత్తుమందు తగ్గిస్తుంది. నిద్ర లేక, లోపల భయపడుతూ బతికితే అది ఇంకా తగ్గుతుంది. దాని మీద తిండి కూడా మాన్పించారు. ఈ మాట చెప్పకపోతే నేను చేయి ఒక్కటే చూసేవాణ్ణి. ఇప్పుడు రక్తం, గుండె కూడా చూడాలి."

గుమ్మం దగ్గర నిలబడ్డ స్టీఫెన్ అంతా విన్నాడు. ఫెబా తల ఎత్తకుండానే అంది: "స్టీఫెనన్నా, కింద క్యాంటీన్లో ఇడ్లీ ఉంటాది. పిల్లోనికి తీసుకురాపో. మీ మొగాలు చూస్తే మీక్కూడా కావల్ల."

ఆ సాయంత్రమే చీము తీశారు. గుండె కవాటం దగ్గర క్రిములు చేరడం మొదలైందని పరీక్షలో తేలింది. ఇంకొంచెం ఆలస్యమై ఉంటే ఏమయ్యేదో చెప్పలేమని డాక్టరు అన్నాడు. జాషువా వారాల తరబడి మంచం మీదే ఉన్నాడు. మత్తు దిగుతుంటే అరిచాడు, వాంతులు చేసుకున్నాడు, తల్లిని తిట్టాడు. స్టీఫెన్ ఆ వాంతి గిన్నెలు కడిగాడు. తండ్రీకొడుకులు పెద్దగా మాట్లాడుకోలేదు.

జ్వరం తగ్గి చేయి మానాక, మత్తు మాన్పించే డాక్టరు దగ్గరికి వెళ్లారు. వరండా కిక్కిరిసి ఉంది. ఎదురు బెంచీలో ఆళ్లగడ్డ వాళ్లే ఇద్దరు కూర్చుని స్టీఫెన్‌కు వందనాలు చెప్పారు. ఏం పనిమీద వచ్చారని అడగబోతుండగా లోపలి నుంచి అటెండరు కేకేశాడు.

"మత్తు సూదుల కేసు, జాషువా. తోడెవరు?"

జాషువా తల వంచుకున్నాడు. మంజుల లేవబోయింది. ఆమె కంటే ముందు స్టీఫెన్ లేచి నిలబడ్డాడు.

"నేనేప్పా. వాని నాయనను."

కొడుకు లేవడానికి ఆయన చేయి అందించాడు. జాషువా పట్టుకున్నాడు. తలుపు మూసుకున్నాక, అంత జనంలో మంజుల కొంగు నోటికి అడ్డం పెట్టుకుని, ఇన్నాళ్లకు మొదటిసారి ఏడ్చింది.