మైనాను తీసేసిన సాయంత్రం

తిరుత్తణి బజారులో పాత్రల అంగడి మీద ఉన్న మేడగదికి కిటికీలు లేవు. ఒకప్పుడు ఉండేవి. రికార్డింగ్ స్టూడియో పెట్టినప్పుడు నటరాజు వాటిని ఇటుకలతో మూయించి, నాలుగు గోడలకూ నల్లటి స్పాంజి పలకలు అతికించాడు. తలుపు మూస్తే కింద అంగడిలో బిందె దొర్లినా పైకి వినబడదు. పట్టపగలైనా లోపల లైటు వేసుకోవలసిందే.

ఆ రోజు పొద్దుటి నుంచీ వాన. ఆడి కృత్తిక పండగ ఇంకా పది రోజులుంది. కావళ్లు మోసుకుంటూ కొండకు వచ్చే జనం దారి పొడుగునా మైకుల్లో వినే పాటల్లో కొన్ని ఈ గదిలో పుట్టినవే. నటరాజు అన్నం తిని వచ్చి కంప్యూటర్ ముందు కూర్చున్నాడో లేదో ఫోన్ మోగింది.

"అన్నా, నేను ధరణిని. శ్రీవాసవి చెల్లెల్ని."

నటరాజు చేతిలోని టీ గ్లాసు కింద పెట్టాడు.

"చెప్పమ్మా."

"మా అమ్మకి చూపు దాదాపు పోయినాది అన్నా. ఫొటోలు చూపించి ఏం లాభం? అక్క గొంతు వినాలంటాది. మా ఫోన్లలో యాడా లేదు. మీ కాడ అక్క మూడు దినాలు రికార్డింగ్ ఇచ్చినాది గదా..."

"అది అప్పుడే పోయినాదమ్మా. డిస్క్ చెడిపోయినాది. వాసవికి గూడా చెప్పినా."

"పాటలు వద్దన్నా. మధ్యలో నవ్వింటాది, దగ్గింటాది, నీళ్లు అడిగింటాది. ఆ మాత్రం చాలు." ధరణే మళ్లీ అందుకుంది. "ఆవడిలో నాతో పనిచేసే కార్తికేయన్ అని ఒకాయన ఉండాడు. చెడిపోయిన డిస్క్‌లో నుంచి గూడా తీస్తాడు. ఆరు గంటలకి అమ్మని పిల్చుకోని వస్తాము. ఒక్కసారి చూడనీ అన్నా, దండం పెడతా."

వద్దంటే అనుమానం వస్తుంది. "సరి, రాండి" అని పెట్టేశాడు.

డిస్క్ చెడిపోలేదు. అది అతని మోకాలికి తగిలేటంత దగ్గరలో, బల్ల కింద, చిన్న పచ్చలైటు వెలిగించుకుని ఉంది.

నాలుగేళ్ల కిందట శ్రీవాసవి అత్తిమంజేరిపేట నుంచి వరసగా మూడు రోజులు బస్సులో వచ్చిపోతూ ఈ గదిలో పాడింది. పాట కాదు. ఒక్కొక్క స్వరం. ఆ, ఈ, ఊ అంటూ మెల్లగా ఒకసారి, గట్టిగా ఒకసారి, ఊపిరి తీసే చప్పుడుతో ఒకసారి. బుగ్గలో శొంఠి ముక్క పెట్టుకుని, గొంతు బొంగురుపోతుంటే నీళ్లు తాగి, మళ్లీ మైకు ముందు నిలబడింది. "కోరస్ కోసమమ్మా, తర్వాత నిన్నే పిలుస్తా" అన్నాడు నటరాజు. ఆ ముక్కలన్నీ కోసి, వరసలో పెట్టి, కీబోర్డు మీద వేలు పెడితే పాడే ప్లగిన్ ఒకటి తయారుచేశాడు. దానికి మైనా అని పేరు పెట్టాడు.

మైనా అలిసిపోదు. నీళ్లు అడగదు. చివరి బస్సు వెళ్లిపోతుందని తొందరపడదు.

శ్రీవాసవి అయిదారుసార్లు ఫోన్ చేసింది. "ఈ తూరి ఆడగొంతు వద్దన్నారమ్మా" అన్నాడు. ఆమె తిరువళ్లూరులో ఒక చీరల అంగడిలో పనికి కుదిరింది. పొద్దంతా నిలబడి చీరలు విప్పి చూపించే పని. ఒకరోజు అక్కడి నుంచే ఫోన్ చేసింది. "అన్నా, మా అంగడిలో ఒక పాట వేస్తా ఉండారు. పాడింది ఎవరన్నా? నా మాదిరే ఉండాది."

"కంప్యూటరమ్మా. మనిషి కాదు" అన్నాడు.

ఆ మాటే అందరికీ చెప్పాడు. మనిషి గొంతే లేకుండా ఆడగొంతు పుట్టించిన మొనగాడని ఒక సంఘం వాళ్లు పిలిచి శాలువా కప్పారు. రెండేళ్ల కిందట శ్రీవాసవి విషజ్వరంతో పోయింది. ముప్పై ఏళ్లు కూడా నిండలేదు. కబురు తెలిసిన రోజు నటరాజు ఒక పాట ముగించే పనిలో ఉన్నాడు. వెళ్లలేదు. ఆమె గొంతుతోనే ఆ పాట ముగించాడు.

ఇప్పుడు ఆ నవ్వులూ దగ్గులతో పాటు స్వరాల ముక్కలూ కార్తికేయన్ చేతికి చిక్కితే శాలువా సంగతి బజారున పడుతుంది. నటరాజు గడియారం చూశాడు. రెండున్నర. టైముంది.

ముందు మామూలుగా అన్‌ఇన్‌స్టాల్ చేశాడు. నీలం గీత ఎడమ నుంచి కుడికి పాకింది. 'మైనా తొలగించబడినది' అని వచ్చింది. అంత సులువా అనుకున్నాడు. పాటలు చేసే సాఫ్ట్‌వేర్ తెరిస్తే వాద్యాల పట్టికలో మైనా అట్లాగే ఉంది. ప్లగిన్ ఫైలు వేరే ఫోల్డర్‌లో కూర్చుంది. దాన్ని వెతికి పట్టుకుని డిలీట్ కొట్టాడు. పట్టికలోంచి పేరు పోయింది.

గాలి కోసం తలుపు తెరిచి మెట్ల మీదికి వచ్చాడు. వీధి మైకులో అతని పాటే వస్తోంది. మగ, ఆడ కలిసి పాడిన పాట. మగగొంతు ఒక చరణం పాడింది. తర్వాత ఆడగొంతు రావాలి. రాలేదు. డోలు మోగింది, నాదస్వరం మోగింది, మధ్యలో పాట ఉండవలసిన చోటు ఖాళీగా సాగింది. మళ్లీ మగగొంతు. మళ్లీ ఖాళీ.

వానకు వైరు తడిసి ఉంటుందిలే అనుకుని లోపలికొచ్చి తలుపు వేసుకున్నాడు.

తర్వాత సెట్టింగుల ఫోల్డర్. దాని కింద ఎవరికీ కనబడకుండా దాక్కునే మరో ఫోల్డర్. అందులో మైనా పేరున్న చిన్న చిన్న ఫైళ్లు, తేళ్లలా. ఒక్కొక్కటీ తీసేశాడు. ఫోన్ మోగింది. కింద అంగడిలో కూర్చున్న భార్య మీనాంబ.

"ఏమి?" అన్నాడు.

అవతల బిందెలు తగులుకునే చప్పుడు. స్కూటర్ హారన్. ఎవరో పెద్దాయన "ఈ పెద్దది ఎంతమ్మా?" అని అడుగుతున్నాడు. మీనాంబ మాట మాత్రం లేదు.

"వినపడలేదు... గట్టిగా చెప్పు."

వాన చప్పుడు.

"సిగ్నల్ లేదు, తర్వాత చెయ్యి" అని పెట్టేశాడు. గొంతులో ఏదో గీరినట్టయింది. దగ్గాడు. పోలేదు.

ఇక అసలుది మిగిలింది. బల్ల కింది డిస్క్. అందులో స్వరాల ఫైళ్లు, వాటి మధ్యలో కోయకుండా వదిలేసిన మాటలు, మొత్తం రెండు వేల పైచిలుకు. అన్నిటినీ కలిపి పట్టుకుని డిలీట్ కొట్టాడు.

'ఈ ఫైళ్లు వాడకంలో ఉన్నాయి.'

ఏ సాఫ్ట్‌వేరూ తెరిచి లేదు. కంప్యూటర్ ఆపి మళ్లీ వేశాడు. మళ్లీ అదే మాట. వాడకంలో ఉన్నాయి. ఎవరు వాడుతున్నారు?

బల్ల మీద పెట్టిన హెడ్‌ఫోన్‌లోంచి సన్నగా చప్పుడు. తీసి చెవికి పెట్టుకున్నాడు.

ఊపిరి లోపలికి తీసే చప్పుడు. పాడబోయే ముందు తీసే ఊపిరి. ఒకటి. తర్వాత ఇంకొకటి. ఇంకొకటి... లోపలికి తీయడమే. వదలడం లేదు.

హెడ్‌ఫోన్ లాగి విసిరేశాడు. గదిలో శొంఠి వాసన వేసింది. తడి స్పాంజి వాసన మీద ఘాటుగా, వెచ్చగా, ఎవరో పక్కనే నిలబడి నోరు తెరిచినట్టు.

"పో తల్లీ..." అన్నాడు మెల్లగా. "నాకు వేరే దారి లేదు. పో."

కంప్యూటర్‌ను, అవసరమైనవి తప్ప ఏవీ తెరుచుకోని సేఫ్ మోడ్‌లో వేశాడు. ఈసారి డిస్క్ లొంగింది. ఫైళ్ల పేర్లు ఒక్కొక్కటే తెర మీద మెరిసి మాయమయ్యాయి. స 1. స 2. రి 1. ఒక్కొక్క పేరు పోతుంటే గొంతులో ఒక్కొక్క నూలుపోగు కూరినట్టయింది. చొక్కా పై గుండీ విప్పుకున్నాడు. నవ్వు 3. దగ్గు. నీళ్లు అడిగింది. 'అమ్మతో ఫోన్'... ఆ పేరు దగ్గర నీలం గీత ఒక్క క్షణం నిలిచింది.

ఆపాలంటే ఆ క్షణంలో ఆపి ఉండవచ్చు. వేలు దగ్గరే ఉంది. నటరాజు ఆపలేదు.

అదీ పోయింది. కంప్యూటర్ అన్నిటి పేర్లూ రాసిపెట్టుకునే రిజిస్ట్రీ తెరిచి మైనా పేరున్న ప్రతి వరసనూ చెరిపాడు. చెత్తబుట్ట ఖాళీ చేశాడు. పోయినవి మళ్లీ ఎవరూ తీయలేకుండా డిస్క్ అంతా సున్నాలతో నింపాడు. అది ముగిసేసరికి అయిదూ యాభై. మైనా అని వెతికితే ఏమీ లేదని వచ్చింది. లేచి నీళ్లు తాగాడు. గొంతు దిగలేదు.

ఆరింటికి తలుపు తోసుకుని ముగ్గురు వచ్చారు. ముందు గొడుగు మడుస్తూ కార్తికేయన్. వెనక ధరణి, ఆమె చేయి పట్టుకుని తల్లి చంద్రావతి. ముసలామె చీర కుచ్చిళ్లు మోకాళ్ల దాకా తడిసి ఉన్నాయి.

ధరణి పెదాలు కదిలాయి.

నటరాజు చూస్తున్నాడు. ఆమె పెదాలు కదులుతూనే ఉన్నాయి. చప్పుడు లేదు. చంద్రావతి కూడా ఏదో అంది. బోసినోరు తెరుచుకుంది, మూసుకుంది. చప్పుడు లేదు. తెరిచిన తలుపులోంచి వాన వినబడుతోంది. ఫ్యాను కిర్రుమనడం వినబడుతోంది. కార్తికేయన్ చెప్పుల తడి చప్పుడు వినబడుతోంది.

"అన్నా, ధరణి అడుగుతా ఉండాదే... బదులు చెప్పండి" అన్నాడు కార్తికేయన్. ఆ మాట స్పష్టంగా వినబడింది.

నటరాజు ఒక్కొక్కటే గుర్తు చేసుకున్నాడు. మైకులో ఖాళీ చరణం. ఫోన్‌లో భార్య. ఇప్పుడు వీళ్లిద్దరు. అన్నీ ఆడగొంతులే. లేదు, ఇది వేరే ఏదో. చెవిలో నీళ్లు. అలసట. వీళ్లను ముందు పంపించాలి.

"డిస్క్ కాలీగా ఉండాది. మీరే చూసుకోండి. నా కాడ ఏమీ లేదు" అన్నాడు.

అన్నాడు గానీ, అతనికి వినబడలేదు. గొంతు అదిరింది. నాలుక కదిలింది. చెవికి మాత్రం ఏమీ రాలేదు.

కార్తికేయన్ చేతిలోంచి గొడుగు జారింది. ధరణి రెండు చేతులూ నోటికి అడ్డం పెట్టుకుని గోడ దాకా వెనక్కి పోయింది. చంద్రావతి ఒక్కతే ముందుకొచ్చింది. చూపులేని కళ్లలోంచి నీళ్లు కారుతున్నాయి. మొహం మాత్రం వెలిగిపోతోంది. తడుముకుంటూ వచ్చి అతని గడ్డం పట్టుకుంది. బుగ్గలు నిమిరింది. పెదాల మీద వేళ్లు పెట్టింది.

"ఏమైనాది? ఏమంటా ఉండాదీమె?" అన్నాడు నటరాజు, వినబడని గొంతుతో.

ముసలామె గట్టిగా తలూపింది. ఆమె పెదాల మీద ఆ మాట అతను కంటితో చదవగలిగాడు. వాసవీ.

"కార్తికేయన్... నేనేమన్నాను? చెప్పు... నేను ఏమీ లేదనే గదా అన్నా?"

కార్తికేయన్ అతని పెదాల కదలిక చూసి తల అడ్డంగా ఊపాడు. మొహం పాలిపోయి ఉంది. "అది గాదు మీరు చెప్పింది" అన్నాడు గుసగుసగా. "అది ఆడమనిషి గొంతు... ఆ మాటలు..." అంతకు మించి చెప్పలేకపోయాడు. ధరణిని చేయి పట్టి మెట్ల వైపు లాగాడు. ఆమె కదల్లేదు.

నటరాజు రెండు చేతులతో నోరు మూసుకున్నాడు. దవడలు బిగించాడు. పళ్లు నొప్పి పుట్టేదాకా బిగించాడు. గొంతులో అదురు ఆగింది. నాలుక అంగిలికి అంటుకుపోయింది. ఊపిరి కూడా బిగబట్టాడు.

చంద్రావతి కుర్చీ తడుముకుని అతని ఎదురుగా కూర్చుంది. తడి కొంగు ఒళ్లో సర్దుకుంది. తల కొంచెం పక్కకు వంచి, పెదాల మీద నవ్వుతో, మూసిన అతని నోటి వైపే మొహం తిప్పి, వింటోంది.

మధ్యమధ్యలో తలూపుతోంది. కొంచెం ఆగి, ఏదో అడుగుతోంది. మళ్లీ వింటోంది.